వాళ్లు దాచింది మనం చెప్పకూడదు

పేరు, ర్యాంకు, సర్వీస్ నంబరు, పుట్టిన తేదీ. శత్రువు చేతికి చిక్కిన సైనికుడు చెప్పాల్సినవి ఈ నాలుగే. 1949 నాటి మూడో జెనీవా ఒప్పందం 17వ అధికరణలో ఉన్న మాట ఇది. ఐదో సంగతి అడిగితే నోరు విప్పక్కర్లేదు. విప్పమని కొట్టే హక్కు, బెదిరించే హక్కు ఎవరికీ లేదు.

2019 ఫిబ్రవరి 27న మన వైమానిక దళ పైలట్ వింగ్ కమాండర్ అభినందన్ వర్ధమాన్ నడిపిన మిగ్-21 నియంత్రణ రేఖకు అవతల కూలింది, ఆయన పాకిస్తాన్ సైన్యానికి చిక్కారు. ముందు వచ్చిన వీడియోలో కళ్లకు గంతలు, మొహం నిండా నెత్తురు. తర్వాతి దాంట్లో చేతిలో టీ కప్పు. ఏ విమానంలో వచ్చావు, ఏం పని మీద వచ్చావు అని అడిగితే, సారీ, అది చెప్పకూడదు అన్నారాయన. గొంతు వణకలేదు. ఆ వీడియో మన ఊళ్లో చూడని ఫోన్ లేదంటే అతిశయోక్తి కాదు.

అవే గంటల్లో ఇక్కడ మనమేం చేశాం? తిరుపతి నుంచి పొద్దున బయల్దేరితే మధ్యాహ్నం భోజనానికి చేరుకునే చెన్నైలో, ఆయన తల్లిదండ్రుల ఇంటి ముందు కెమెరాలు బారులు తీరాయి. తండ్రి ఎవరు, ఏ హోదాలో రిటైరయ్యారు, భార్య ఏం చేస్తారు, అన్నీ టీవీల్లో, వాట్సాప్‌లో తిరిగాయి. అక్కడ ఆ మనిషి పళ్లు బిగించి దాచుకుంటున్న సంగతుల్ని ఇక్కడ మనం పోటీపడి పంచిపెట్టాం. విచారించే వాడికి కుటుంబం వివరాలకు మించిన ఆయుధం లేదు. 'నీ ఇల్లు ఎక్కడో మాకు తెలుసు' అన్న ఒక్క మాట ఎంత పని చేస్తుందో వేరే చెప్పాలా? పత్రికలుగా ఆ తప్పులో మాకూ వాటా ఉంది. ఒప్పుకోకుండా ఈ విషయం రాయడం మాకు చేతకాలేదు.

జెనీవా ఒప్పందంలోనే 13వ అధికరణ ఒకటుంది. బందీని హింస నుంచి, అవమానం నుంచి, జనం వింత చూడటం నుంచి కూడా కాపాడాలంటుంది. వింత చూడటాన్ని హింస పక్కనే పెట్టారు, గమనించండి. దాని విలువ తెలిసిన ఒక అధికారి ఏం చేశారో 1999లో చూశాం.

ఆ ఏడాది మే 27న కార్గిల్ యుద్ధంలో బటాలిక్ కొండల మీద రాకెట్లు పేల్చిన ఒక మిగ్-27 ఇంజిన్ గాల్లోనే ఆరిపోయింది. పైలట్ ఫ్లైట్ లెఫ్టినెంట్ కంభంపాటి నచికేత. ఇంటిపేరు వింటేనే తెలుస్తుంది, తెలుగువాడు. విమానం వదిలి మంచులో దిగారు. చుట్టుముట్టిన పాకిస్తాన్ సైనికుల మీద చేతిలోని పిస్టల్‌లో తూటాలు ఉన్నంతసేపూ కాల్చారు. ఆ తర్వాత పట్టుబడి దెబ్బలు తిన్నారు. ఆయన ఎక్కడ పడ్డారో వెతకడానికి వెళ్లిన స్క్వాడ్రన్ లీడర్ అజయ్ అహూజా అదే రోజు ప్రాణాలు కోల్పోయారు.

ఎనిమిదో రోజున నచికేతను వదిలేస్తామని పాకిస్తాన్ వాళ్లు అన్నారు. తమ విదేశాంగ కార్యాలయంలో మీడియా ముందు అప్పగిస్తామని కబురు పెట్టారు. అప్పుడు ఇస్లామాబాద్‌లో మన హైకమిషనర్ జి. పార్థసారథి. మనవాణ్ణి కెమెరాల ముందు నిలబెట్టి తమాషా చేస్తానంటే నేను రానని తెగేసి చెప్పారు. విడుదల ఆలస్యమవుతుందేమో, బేరం చెడుతుందేమో అన్న టెన్షన్ ఆయనకు లేదనుకోవాలా? అయినా పట్టు వదల్లేదు. చివరికి ఆ ఆర్భాటం లేకుండానే రెడ్‌క్రాస్ ద్వారా అప్పగింత జరిగింది, నచికేత వాఘా దాటి వచ్చారు.

మన జ్ఞాపకం సాధారణంగా అక్కడితో ఆగిపోతుంది. పైలట్ ఉద్యోగం మాత్రం అక్కడ ఆగదు. విమానం వదలాల్సి వచ్చినప్పుడు సీటు కింద రాకెట్ పేలి మనిషిని పైకి విసిరేస్తుంది. ఆ క్షణంలో ఒంటి బరువు పది పదిహేను రెట్లయి వెన్నుపూసల మీద పడుతుంది. నచికేత వెన్ను దెబ్బతింది. ఫైటర్ సీట్లో మళ్లీ కూర్చోవడం కుదరలేదు. ఆయన ఇంటికి రాలేదు, రవాణా విమానాల వైపు మళ్లారు. గాల్లో ఎగురుతున్న ఫైటర్లకు గాల్లోనే ఇంధనం నింపే ఐఎల్-78 నడిపారు. గ్రూప్ కెప్టెన్ స్థాయికి ఎదిగారు. తన ఇంజిన్ ఆగిపోయిన మనిషి, పక్కవాళ్ల ఇంజిన్లు ఆగకుండా ఏళ్ల తరబడి చూసుకున్నారు. ఎనిమిది రోజుల చెరకంటే ఈ ఏళ్లే మాకు పెద్దవిగా కనిపిస్తాయి.

అభినందన్‌దీ అదే దారి. విడుదలైన ఆరు నెలలకు, సెప్టెంబరు 2న, పఠాన్‌కోట్‌లో మళ్లీ మిగ్-21 ఎక్కారు. అదే విమానంలో ఆయనతో పాటు ఎగిరింది వైమానిక దళాధిపతి బి.ఎస్. ధనోవా. కార్గిల్‌లో అహూజా పనిచేసిన స్క్వాడ్రన్‌కు కమాండింగ్ ఆఫీసర్ ఈయనే.

ఇదంతా తిరుపతికి ఎందుకు అంటారేమో. ఎస్వీ యూనివర్సిటీ గ్రౌండ్‌కు తెల్లవారుజామున వెళ్లి చూడండి. చీకటి విడకముందే సెలక్షన్ల కోసం పరుగులు తీసే పిల్లలు కనిపిస్తారు, చెప్పులు చేత్తో పట్టుకుని గట్టు మీద కూర్చున్న తండ్రులూ కనిపిస్తారు. కలికిరిలో 2014 నుంచి సైనిక్ స్కూల్ నడుస్తోంది. సైనికాధికారులను తయారుచేసే నేషనల్ డిఫెన్స్ అకాడమీ (ఎన్‌డీఏ)లోకి ఆడపిల్లలూ వెళ్తున్నారు. కొడుకు సరిహద్దులో ఉన్నాడని కొండకు నడిచి వచ్చి తలనీలాలు ఇచ్చే తల్లులు ఈ ఊరికి కొత్త కాదు. కబురు కోసం ఎదురుచూసే ఇల్లు ఎలా ఉంటుందో కూడా మనవాళ్లకు తెలుసు. 2021 డిసెంబరులో కూనూరు దగ్గర హెలికాప్టర్ కూలినప్పుడు, అందులో చనిపోయిన లాన్స్ నాయక్ సాయితేజ భౌతికకాయం కోసం కురబలకోట మండలంలోని ఆయన ఊరు ఎగువరేగడ రోజుల తరబడి కాచుకుని కూర్చుంది.

అలాంటి ఇంటికి ఎవరో ఫోన్ చేసి, మీ అబ్బాయి ఏ బేస్‌లో ఉన్నాడమ్మా అని ఆప్యాయంగా అడుగుతారు. చెప్పకూడదు. ఫోన్ చేసింది పత్రికవాళ్లైనా, మేమే అయినా చెప్పకూడదు. 2025 మేలో మన మహిళా పైలట్ ఒకరు పట్టుబడ్డారని సోషల్ మీడియాలో పుకారు లేచింది. అది అబద్ధమని ప్రభుత్వ సమాచార విభాగం ప్రకటించాల్సి వచ్చింది. ఈలోపు ఎంతమంది తల్లులు అన్నం ముట్టకుండా ఫోన్ పట్టుకుని కూర్చున్నారో ఎవరు లెక్కపెట్టారు?

ఒక్కచోట మాత్రం మౌనం పనికిరాదు. 1971 యుద్ధం నుంచి తిరిగిరాని మనవాళ్లు కొందరు పాకిస్తాన్ జైళ్లలో ఉన్నారని కుటుంబాలు నమ్ముతూ వచ్చాయి. పాకిస్తాన్ ఒప్పుకోలేదు. 2007 జూన్‌లో 14 మంది బంధువులు అక్కడి జైళ్లకు స్వయంగా వెళ్లి, వట్టి చేతులతో తిరిగొచ్చారు. తిరిగిరాని ఆ సైనికుల పేర్లను మాత్రం ఏటా అడగాలి, పార్లమెంటులో అడగాలి, పత్రికల్లో అడగాలి.

ఇక మా డెస్క్ సంగతి. పట్టుబడిన సైనికుడి పేరు ప్రభుత్వం చెప్పేదాకా అచ్చువేయం. చెప్పిన తర్వాత కూడా ఊరు, వీధి, భార్యాబిడ్డల ఫొటోలు వేయం. ఆయన ఇంటి ముందుకు మా కెమెరాను పంపం. శత్రువు విడుదల చేసిన వీడియోలోంచి బొమ్మ తీసి మొదటి పేజీలో పెట్టం. ఆయన వాఘా దాటి ఇటు అడుగుపెట్టాక తీసే ఫొటో కోసం ఆగుతాం.