రైలు ఎవరిదన్న తగాదాలోనే ఆ శతాబ్దం మొదలైంది

ఇరవయ్యో శతాబ్దపు తొలి ఏళ్ల రైలు చరిత్ర అనగానే అందరూ రికార్డులు చెబుతారు. 1903 అక్టోబరులో బెర్లిన్ దగ్గర ప్రయోగాత్మక విద్యుత్ రైలు గంటకు 210 కిలోమీటర్ల వేగం అందుకుంది. 1906లో ఆల్ప్స్ పర్వతాల కింద దాదాపు 20 కిలోమీటర్ల సింప్లాన్ సొరంగం తెరుచుకుంది. సైబీరియాను దాటుకుని రష్యా పట్టాలు పసిఫిక్ తీరం చేరాయి. ఇవన్నీ గొప్ప విషయాలే. అయినా ఆ రోజుల్లో ఒక సామ్రాజ్యాన్ని కూల్చిందీ, ఒక దేశాన్ని పారిశ్రామిక శక్తిగా నిలబెట్టిందీ, మన దేశాన్ని మరో నలభై ఏళ్లు కొనుగోలుదారుగానే ఉంచిందీ ఇంజన్ల వేగం కాదు. పట్టాలకు పెట్టిన డబ్బు ఎవరిది, దాని షరతులు ఎవరు రాశారు, అవి ఎంతమందికి తెలుసు అన్న తగాదా అది. పాఠ్యపుస్తకాలు దీన్ని ఒక వాక్యంలో దాటేస్తాయి.

చైనానే తీసుకోండి. సిచువాన్ నుంచి హాంకౌ వరకు రైలు మార్గం వేయడానికి 1904లో ఆ ప్రాంతం వాళ్లే కంపెనీ పెట్టుకున్నారు. విదేశీ డబ్బు వద్దన్నారు. మరి పెట్టుబడి ఎక్కడిది? పంట మీద 3 శాతం చొప్పున వసూలు చేసి, బదులుగా వాటాలు ఇచ్చారు. అంటే జన్మలో రైలు చూడని రైతు కూడా ఆ రైల్వేలో వాటాదారుడయ్యాడు. 1911 మే 9న బీజింగ్‌లోని చింగ్ ప్రభుత్వం ప్రధాన మార్గాలన్నీ ఇక తనవేనని ప్రకటించింది. సరిగ్గా పదకొండు రోజులకు బ్రిటిష్, జర్మన్, ఫ్రెంచ్, అమెరికన్ బ్యాంకుల కూటమి నుంచి 60 లక్షల పౌండ్ల అప్పు మీద సంతకం పెట్టింది. వడ్డీ 5 శాతం. తాకట్టుగా హునాన్, హుబే ప్రాంతాల ఉప్పు పన్నులూ సరుకుల సుంకాలూ రాసిచ్చింది.

జాతీయం చేయడం ఒక సంగతి, జాతీయం చేసిన నెలలోనే పరాయి బ్యాంకులకు ఆదాయం కుదువ పెట్టడం మరో సంగతి. సిచువాన్ జనం ఆ రెండో సంగతిని వెంటనే పట్టుకున్నారు. చెంగ్‌డులో దుకాణాలు మూతపడ్డాయి, బడులు ఆగిపోయాయి, పన్ను కట్టబోమని ఊళ్లకు ఊళ్లే తెగేసి చెప్పాయి. సెప్టెంబరు 7న గవర్నర్ జావో అర్‌ఫెంగ్ ఉద్యమ నాయకులను అరెస్టు చేయించాడు. విడిచిపెట్టమని వచ్చిన గుంపు మీద కాల్పులు జరిగాయి, పదుల సంఖ్యలో చనిపోయారు. అల్లర్లను అణచడానికి హుబే నుంచి సైన్యాన్ని సిచువాన్‌కు పంపారు. అక్కడ బలగం పలచబడిన ఆ సమయంలోనే, అక్టోబరు 10న, హుబేలోని వుచాంగ్‌లో సైనికులు తిరగబడ్డారు. నాలుగు నెలలు తిరిగేసరికి, 1912 ఫిబ్రవరి 12న, 1644 నుంచి బీజింగ్‌ను ఏలిన చింగ్ వంశం గద్దె దిగింది. విప్లవకారులు చాలా ఏళ్లుగా ప్రయత్నిస్తూ సాధించలేనిది ఒక రైల్వే రుణపత్రం వల్ల కొన్ని నెలల్లో జరిగిపోయింది.

సిచువాన్ కంపెనీ మచ్చలేనిదేం కాదు. వేసిన పట్టా చాలా తక్కువ. పైగా షాంఘైలో రబ్బరు షేర్ల జూదంలో లక్షల తాయెళ్లు (అప్పటి చైనాలో వెండి తూకంతో డబ్బును లెక్కించే కొలత) పోగొట్టింది. ఆ నష్టాన్ని భరించబోమని ప్రభుత్వం అనడమే గొడవకు పెద్ద కారణం. నేను దీన్ని నా వాదనకు అడ్డుగా చూడను, బలంగానే చూస్తాను. రైతు దగ్గర డబ్బు తీసుకున్న కంపెనీ తన లెక్కలు రైతుకు చూపలేదు. రైతు పేరు చెప్పి అప్పు చేసిన ప్రభుత్వం తన ఒప్పందం రైతుకు చూపలేదు. దేశీయమా విదేశీయమా అన్న ప్రశ్న కన్నా ముందు అడగాల్సింది లెక్క చూపించారా లేదా అన్నది.

లెక్క సరిగా ఉంటే ఏం జరుగుతుందో అదే చైనా చూపించింది. బీజింగ్ నుంచి జాంగ్‌జియాకౌకు వేసే రైలు మార్గం తమ చేతిలో ఉండాలని బ్రిటన్, రష్యా రెండూ పట్టుబట్టాయి. ఆ పోటీలో ఎవరికీ దక్కకపోవడంతో చైనా తన ఉత్తర రైల్వేల లాభాలతోనే పని మొదలుపెట్టింది. చిన్నప్పుడే అమెరికా వెళ్లి, 1881లో యేల్‌లో సివిల్ ఇంజనీరింగ్ పూర్తి చేసిన జాన్ తియన్‌యూకు బాధ్యత అప్పగించారు. దాదాపు 200 కిలోమీటర్లు, మధ్యలో కొండలు. బాదాలింగ్ దగ్గర కిలోమీటరుకు పైగా సొరంగం తొలవాలి. రెండు చివరల నుంచి తవ్వుతూ, పై నుంచి కూడా నిలువు బావులు దింపి, ఆ అడుగు నుంచి అటూ ఇటూ తొలిపించాడు. చింగ్‌లాంగ్‌చియావ్ దగ్గర నిటారు ఎక్కుడును, రైలు ఒక దిశలో వెళ్లి ఆగి, వెనుక ఇంజన్‌తో ఎదురు దిశలో ఎక్కేలా పట్టాలు వంచి గెలిచాడు. ఆరేళ్లు పడుతుందనుకున్నది నాలుగేళ్లలో, 1909కల్లా పూర్తయింది. ఖర్చు అంచనా దాటలేదు. చైనా వాళ్ల వల్ల కాదని తేల్చేసిన విదేశీ నిపుణులకు అంతకు మించిన జవాబు లేదు.

ఇక నన్ను అన్నిటికన్నా కుదిపేసే పోలిక జపాన్‌తో మనది. జపాన్‌లో తొలి దేశీయ రైలింజన్ 1893లో కోబె వర్క్‌షాపులో తయారైంది. మన దేశంలో పూర్తిగా ఇక్కడే తయారైన తొలి ఇంజన్ 1895లో అజ్మీర్ వర్క్‌షాపు నుంచి బయటికొచ్చింది. తేడా రెండేళ్లు! జపాన్‌లోనూ పర్యవేక్షించింది బ్రిటిష్ ఇంజనీరే, ఇక్కడా వాళ్లే. పనిచేసిన చేతులు మాత్రం స్థానికులవి. 1899లో జమాల్‌పూర్ కూడా ఇంజన్లు తయారుచేయడం మొదలుపెట్టింది. అంటే నైపుణ్యంలో మనం వెనుక లేం.

ఆ తర్వాత ఏమైంది? 1906లో జపాన్ చట్టం చేసి రెండేళ్లలో 17 ప్రైవేటు రైల్వే కంపెనీలను కొనేసింది. దేశంలోని మార్గాల్లో దాదాపు 90 శాతం ఒకే చేతికి వచ్చాయి. కొనేవాడు ఒక్కడే అయ్యాక ఏ రకం ఇంజన్ కావాలో, ఎక్కడ తయారు కావాలో తేల్చే శక్తి వచ్చింది. 1911–12 ప్రాంతంలో బ్రిటన్, జర్మనీ, అమెరికాల నుంచి చివరి పెద్ద విడత ఇంజన్లు తెప్పించి, వాటిని విప్పి చూసి నేర్చుకుని, దిగుమతికి దాదాపు స్వస్తి చెప్పింది. 1913, 1914 నాటికి సొంత నమూనాలు వందల్లో తయారు కావడం మొదలైంది. అదే జపాన్ కొరియాలో, మంచూరియాలో రైలును ఆక్రమణకు ఆయుధంగా వాడిందన్నదీ నిజమే, దాన్ని కప్పిపుచ్చను.

అజ్మీర్‌కు ఆ అవకాశం దక్కలేదు. మన రైల్వేలను నడిపిన కంపెనీల బోర్డులు లండన్‌లో ఉన్నాయి. పెట్టుబడికి 5 శాతం దాకా రాబడి గ్యారంటీ. లాభం తగ్గితే మన పన్నుల నుంచి పూడ్చేవారు. పంతొమ్మిదో శతాబ్దం ముగిసేదాకా మొత్తం మీద ఖజానాకు నష్టమే. ఇంజన్ల ఆర్డర్లు గ్లాస్గోకు, మాంచెస్టర్‌కు వెళ్లేవి. స్వతంత్రం వచ్చాక, 1950లో చిత్తరంజన్‌లో ఇంజన్ల కర్మాగారం పెట్టుకునేదాకా ఆ రాత మారలేదు. రెండేళ్ల తేడా దాదాపు నలభై ఏళ్లయింది. ఇంజనీర్లు చేతకానివాళ్లై కాదు, ఒప్పందం అలా రాశారు కాబట్టి.

తెలుగు నేల మీద ఈ సంగతి ముందే పసిగట్టినవాళ్లున్నారు. 1883లో హైదరాబాద్‌లో చాందా (ఇప్పటి మహారాష్ట్రలోని చంద్రపూర్) రైల్వే పథకం మీద అలజడి రేగింది. లండన్ కంపెనీకి నిజాం ఖజానా నుంచి ఏటా 5 శాతం గ్యారంటీ, అదీ 20 ఏళ్లపాటు. ఆ వివరాలు ప్రజల ముందు పెట్టాలని అడిగినవాళ్లలో సరోజినీ నాయుడు తండ్రి అఘోరనాథ్ చటోపాధ్యాయ ఉన్నారు. ఆయనను రాజ్యం నుంచి బహిష్కరించారు. ఆయన వెంట నిలిచినవాళ్లలో ముల్లా అబ్దుల్ ఖయ్యూం ఒకరు. ఈ ఖయ్యూం గారే తర్వాత రోజుల్లో డమాస్కస్ నుంచి మదీనాకు వేస్తున్న హెజాజ్ రైల్వే కోసం హైదరాబాద్‌లో చందాలు పోగుచేశారు. 1900లో ఒట్టోమన్ (టర్కీ) సుల్తాన్ అబ్దుల్ హమీద్ మొదలుపెట్టిన ఆ మార్గానికి విదేశీ బ్యాంకుల అప్పు లేదు. ఖర్చులో మూడో వంతు దాకా చందాలే. 1300 కిలోమీటర్లు ఎడారిలో వేసుకుంటూ 1908లో మదీనా చేరారు. ఒకే మనిషి ఒక రైలును ఎదిరించి మరో రైలుకు జోలె పట్టాడంటే, ఆయన కోపం రైలు మీద కాదని తెలుస్తూనే ఉంది. హైదరాబాద్ తన రైల్వేను కంపెనీ చేతి నుంచి కొనుక్కున్నది 1930 ఏప్రిల్ 1న. అడగకూడని ప్రశ్న అడిగారని ఊరు దాటించిన 47 ఏళ్లకు.

విదేశీ పెట్టుబడి లేకపోతే ఆసియాకు, లాటిన్ అమెరికాకు రైలే వచ్చేది కాదని చెప్పేవాళ్లున్నారు. బ్రిటిష్ డబ్బుతో అర్జెంటీనా విశాలమైన రైలు వ్యవస్థ కట్టుకుంది, 1910 నాటికి మన దేశపు రైలు వ్యవస్థ ప్రపంచంలో నాలుగో పెద్దది. చందాలతో వేసిన హెజాజ్ లైను మొదటి ప్రపంచ యుద్ధంలో ఛిద్రమైంది. ఇవన్నీ ఒప్పుకుంటాను. అప్పు చేయడమే తప్పని నేననడం లేదు. తన తొలి బుల్లెట్ రైలు మార్గం షింకన్‌సెన్‌కు జపాన్ కూడా ప్రపంచ బ్యాంకు నుంచి 8 కోట్ల డాలర్లు తీసుకుంది. కానీ ఎన్ని కిలోమీటర్లు వేశారన్న దగ్గరే ఆగిపోయే లెక్కకు, ఆ కిలోమీటర్లు దేశంలో ఏ నైపుణ్యాన్ని మిగిల్చాయన్నది కనిపించదు.

స్విట్జర్లాండ్ ఈ విషయాన్ని 1898లో నేరుగా ప్రజల ఓటుకు పెట్టింది. స్విస్ రైల్వేలు స్విస్ ప్రజలకే అన్న నినాదం గెలిచింది, 1902 నుంచి ప్రభుత్వ రైల్వే నడిచింది. మొదటి ప్రపంచ యుద్ధంలో బొగ్గు కరువైనప్పుడు కొండల్లోని సొంత జలవిద్యుత్తుకు మళ్లి, 1922కల్లా ఆల్ప్స్ దాటే గొట్టార్డ్ మార్గాన్ని విద్యుదీకరించింది. అడిగి చేసిన పని కాబట్టి, ఖర్చు భరించడానికి జనం సిద్ధపడ్డారు.

మన దగ్గర ఇప్పుడు ఎవరిని అడుగుతున్నారు? ముంబై–అహ్మదాబాద్ బుల్లెట్ రైలుకు జపాన్ ఇచ్చే రుణం వడ్డీ 0.1 శాతమని, తీర్చడానికి 50 ఏళ్లని అందరికీ తెలుసు. ఏ పరికరం ఎవరి దగ్గర కొనాలి, ఏ సాంకేతికత ఎప్పటికి మన చేతికొస్తుంది, యెన్ విలువ పెరిగితే భారం ఎవరిది? జీరోకి దగ్గరగా ఉన్న వడ్డీ అంకె చూసి ఈ ప్రశ్నలు మానేస్తున్నాం. హైదరాబాద్ మెట్రో తొలి దశను ప్రైవేటు భాగస్వామ్యంతో కట్టాం, 2025లో దాదాపు 13 వేల కోట్ల అప్పుతో సహా ప్రభుత్వమే తీసుకోవడానికి అంగీకారం కుదిరింది. 2010లో ఆ ఒప్పందం మీద సంతకాలయ్యే ముందు అందులో ఏముందో నగరంలో ఎంతమందికి తెలుసు? తీసుకునేటప్పుడు జరిగిన లెక్కలో ఏ రూపాయి దేనికో ఎంతమందికి వివరించారు?

రెండో దశకు అంతర్జాతీయ బ్యాంకుల రుణాల ప్రతిపాదన ఉంది. విశాఖ, విజయవాడ మెట్రోలూ వరుసలో ఉన్నాయి. ఈ మూడింటి రుణ ఒప్పందాల ముసాయిదాలు సంతకాలకు కనీసం మూడు నెలల ముందు శాసనసభల ముందుకు రావాలి. తెలుగులో, హైదరాబాద్‌కైతే ఉర్దూలో కూడా, పూర్తి పాఠం ప్రభుత్వ వెబ్‌సైట్లలో ఉండాలి. బోగీలు, సిగ్నలింగ్ ఎక్కడ తయారవుతాయో, పదేళ్లకు వాటిలో ఎంత మన ఇంజనీర్ల చేతికి వస్తుందో అందులో అంకెలతో రాయాలి. వాణిజ్య రహస్యం అన్న సాకు దీనికి చెల్లదు, ఎందుకంటే తీర్చేది మన టికెట్లు, మన పన్నులు. 1883లో హైదరాబాద్ వాళ్లు ఇంతే అడిగారు.