డయాలసిస్‌కు డబ్బుంది, బీపీ మాత్రకు ఓపిక లేదు

హైదరాబాద్‌లో ఇళ్లలో పనిచేసే ఒకావిడకు ప్రభుత్వ దవాఖానాలో పది రోజుల బీపీ మాత్రలు ఇస్తారు. మళ్లీ వెళ్లాలంటే ఒక పూట పని పోతుంది, కూలీ కోత పడుతుంది. అందుకని రోజు విడిచి రోజు వేసుకుంటుంది. పది మాత్రలు ఇరవై రోజులు వస్తాయి. లెక్క ఇంటి ఖర్చుకు సరిపోతుంది, రక్తనాళాలకే సరిపోదు.

మన సర్కారు వైద్యం జ్వరం, కాన్పు, విరిగిన ఎముక కోసం అల్లుకున్నది. రోగి వస్తాడు, నయమవుతుంది, వెళ్లిపోతాడు. షుగరు, బీపీ ఉన్నవాళ్లు అలా వెళ్లిపోరు, బతికినంత కాలం వస్తూనే ఉండాలి. 2023లో వెలువడిన భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) అధ్యయనం దేశంలో 10.1 కోట్ల మందికి మధుమేహం ఉందని అంచనా వేసింది. ఏ ఓపీ గది సరిపోతుంది వీళ్లకు?

2007లో మొదలైన ఆరోగ్యశ్రీ ఎన్నో ప్రాణాలు నిలబెట్టింది, అందులో నాకు సందేహం లేదు. 2023 డిసెంబరులో తెలంగాణ దాని పరిమితిని 10 లక్షల రూపాయలకు పెంచింది. అయితే ఆ తలుపు ప్రధానంగా జబ్బు ముదిరాకే తెరుచుకుంటుంది. కిడ్నీలు పాడయ్యాక వారానికి మూడుసార్లు, ఒక్కోసారి నాలుగు గంటల డయాలసిస్. కిడ్నీలు దెబ్బతినడానికి ప్రధాన కారణాలు షుగరు, బీపీలే. బీపీకి వాడే జనరిక్ అమ్లోడిపిన్ మాత్రలు ఏడాదికి సరిపడా కొన్నా ఆ ఖర్చు ఒక్క డయాలసిస్ ఖర్చు కన్నా తక్కువ. (రాకుండా ఆగిన పక్షవాతానికి రిబ్బన్ కత్తిరించలేం కదా, నాయకులకు ఇబ్బందే.)

2018 నుంచి బస్తీ దవాఖానాలు వైద్యుడిని గడప దగ్గరికి తెచ్చాయి. ఇది చిన్న మార్పేమీ కాదు. అక్కడ వచ్చినవారి పేరు రాసుకోవడం ఎలాగూ జరుగుతుంది. రావలసి ఉండి రానివారి పేర్లు చూసేదెవరు? దారి తెలియక కాదు. దేశంలో రక్తపోటు నియంత్రణ కార్యక్రమం మొదట చేపట్టిన రాష్ట్రాల్లో తెలంగాణ ఒకటి. కొద్దిపాటి మందులతో అందరికీ ఒకే చికిత్స క్రమం, కనీసం నెలకు సరిపడా మాత్రలు, గడువు దాటితే ఫోను లేదా ఆశా కార్యకర్త పలకరింపు. దాని పద్ధతి ఇంతే.

వచ్చే బడ్జెట్‌లో నేను వెతికేది కొత్త ఆసుపత్రి భవనం పేరు కాదు. ఆ ఫోను చేసే మనిషి జీతం ఏ పద్దులో ఉందో చూస్తాను.