పచ్చగా వెలిగే మైక్ బొమ్మ గారికి, కడప నుంచి

గేమ్ స్క్రీన్ మీద మ్యాపు పక్కన ఎప్పుడూ పచ్చగా వెలుగుతా కూర్చునే వాయిస్ చాట్ మైక్ బొమ్మ గారి సముఖానికి,

నమస్కారం సార్. మీరు బాగుండారని తెలుసు. మొన్న శుక్రవారం మధ్యాహ్నం నుంచి పొద్దు గూకేదాకా మిమ్మల్నే చూస్తా కూర్చున్నా కదా, ఒక్కసారి రంగు మారలేదు, నీరసం లేదు, నిగనిగలాడతా ఉండారు. బాగలేంది మేమే.

ఒకే టీముగా తుపాకీల గేమ్ ఆడే మా నలుగురి సంగతి మీకు కొత్తగా చెప్పే పని లేదు, మా మాటలన్నీ మీ మీదగానే పోతాయి, పోతే. ఒకడు కువైట్‌లో ఉంటాడు, వాడికి సెలవు శుక్రవారం, మాకు కాదు. అయినా వాడి కోసం బెంగళూరోడు ఆఫీసు మీటింగును ల్యాప్‌టాప్‌లో మ్యూట్‌లో పెట్టి ఫోన్లో మా దగ్గరికి వస్తాడు, ప్రొద్దుటూరోడు అంగట్లో గల్లా ముందర కూర్చుని ఆడతాడు, నేను ఏదో ఒక సాకు చెప్పి ఇంటికొచ్చేస్తా. ఈడ నాలుగైతే ఆడ ఒకటిన్నర, వాడు బట్టలు ఉతుక్కుని, వండుకుని, తిని ఫోన్ పట్టుకునే టైము. వారమంతా అనుకుంటే కుదిరే ఆ పూట కాస్తా "వినపడతాందా", "ఆఁ ఇప్పుడు", "రేయ్ ఇప్పుడు వినపడతాందా" తోనే పాయ.

అన్నీ చేసినాం సార్, మీరు మళ్ళ చెప్పద్దు. మైక్రోఫోన్ పర్మిషన్ ఇచ్చినారా అంటారు, ఇచ్చినాం, సెట్టింగ్స్‌లో యాప్స్‌లోకి పోయి "యాప్ వాడేటప్పుడు మాత్రమే" అనేది నొక్కినాం. ఆండ్రాయిడ్ 12 నుంచి, పైనుంచి కిందికి గీస్తే వచ్చే బటన్లలో ఫోన్ మైక్ మొత్తానికే కట్టేసే బటన్ ఒకటి ఉంటాది, అదీ చూసినాం. బ్యాటరీ సేవర్ తీసేసినాం. ఛానెల్ "టీమ్"లో ఉందా "ఆల్"లో ఉందా అని మార్చి మార్చి చూసినాం, "ఆల్"లో పెట్టినప్పుడు ఎవడో తెలియనోడు హిందీలో మా అమ్మను తిట్టింది మాత్రం అక్షరం పొల్లుపోకుండా వినపడింది. సపోర్ట్‌కు రాస్తే "ప్రియమైన ప్లేయర్, మీ అసౌకర్యానికి చింతిస్తున్నాం, యాప్ తీసేసి మళ్ళీ ఇన్‌స్టాల్ చేసుకోండి" అని వచ్చింది. ప్రొద్దుటూరోడి ప్యాకు రోజుకు 1.5 జీబీ సార్. వాడు తీసేసి మళ్ళ వేసుకునేసరికి కువైట్‌లో ఇంకో శుక్రవారం వస్తాది.

యూట్యూబ్‌లో ఒకాయన పోర్ట్ ఫార్వర్డింగ్ చేయమన్నాడు, అంటే బయట నుంచి వచ్చేదానికి రౌటర్‌లో దారి తెరవడం. మా వీధి కేబుల్ అన్న వీధంతటికీ కలిపి ఒకటే పబ్లిక్ ఐపీ, అంటే ఇంటర్నెట్‌లో అడ్రసు, పంచిపెట్టినాడు, సీజీనాట్ అంటారంట దాన్ని. నా రౌటర్‌లో నేను ఏ పోర్ట్ తెరిచినా బయట నుంచి ఏదీ రాదు, అసలు ఐపీ ఆయన పెట్టెలో ఉండాది. ఆయన్ను అడిగితే "నెట్ వస్తాంది కదా బ్బా, యూట్యూబ్ ఆడుతాంది కదా" అనె. నిజమే, ఆడుతాంది, అందులోనే కదా పోర్ట్ ఫార్వర్డింగ్ చూసింది.

ఇంక ఇయర్‌ఫోన్ల కత. ఏడురోడ్ల కాడ ఒక అంగట్లో రెండు వేలు పెట్టి బ్లూటూత్‌వి కొన్నా. అట్టపెట్టె మీద "గేమింగ్ మోడ్" అని ఎర్ర అక్షరాలు, పక్కన తుపాకీ పట్టుకున్న బొమ్మ. మీరు ఆఫ్‌లో ఉన్నంతసేపు సౌండు బంగారం, వెనక ఎడమపక్క గడ్డిలో ఎవడు నడుస్తాన్నా తెలిసిపోతాది. మిమ్మల్ని నొక్కుతానే టుక్‌మని ఒక శబ్దం వచ్చి, తుపాకులూ అడుగులూ జతగాళ్ళూ అందరూ బోరింగ్ గొట్టంలో నోరు పెట్టి మాట్లాడినట్టు అయిపోతాది. ఇయర్‌ఫోన్లు చెడిపోయినాయేమో అని అంగడికి తీసుకపోతే, అంగడాయన పాట పెట్టి వినిపించి "సూపర్‌గా ఉండాది కదన్నా" అన్నాడు. పాటకు బాగనే ఉంటాది మరి, పాట వినేటప్పుడు నేను మాట్లాడను కదా.

తర్వాత తెలిసింది కతేందో. బ్లూటూత్‌లో పాటలు వినేదానికి ఏ2డీపీ అని ఒక పద్ధతి, అందులో రెండు చెవులకూ వేరువేరు సౌండు వస్తాది కానీ మైక్ ఉండదు. ఫోన్ మాట్లాడేదానికి హెచ్ఎఫ్‌పీ అని ఇంకొక పద్ధతి, అందులో మైక్ ఉంటాది కానీ సౌండు మోనో, అంటే రెండు చెవులకూ ఒకటే, అయిపోతాది, పాత రకమైతే సౌండును సెకనుకు 8,000 సార్లే కొలుస్తాది, అంటే ల్యాండ్‌లైన్ ఫోన్ నాణ్యత, కొంచెం మంచిదైతే 16,000. పాటల సీడీకేమో 44,100. మైక్ ఆన్ చేస్తానే ఫోన్ మొదటిది వదిలేసి రెండోదానికి మారిపోతాది. చెవి కావాల్నా నోరు కావాల్నా తేల్చుకో అని అడుగుతాది అన్నమాట. అడుగుల చప్పుడు ఎడమపక్కనో కుడిపక్కనో తెలియాలంటే మాట్లాడగూడదు, "ఎడమపక్క ఉండాడ్రా" అని చెప్పాలంటే వాడు ఎడమపక్క ఉండాడని నాకు తెలియగూడదు. ఈ పద్ధతి కనిపెట్టినోళ్ళు గేమ్ ఆడుంటే బాగుండు. 2020లో ఎల్ఈ ఆడియో అని కొత్తది ప్రకటించినారు, దాంట్లో ఈ పీడ లేదు, కానీ ఫోనూ ఇయర్‌ఫోనూ రెండూ దాన్ని ఒప్పుకోవాల, నా దగ్గరుండే రెండూ ఒప్పుకోవు. ఈ ముక్క తుపాకీ బొమ్మ పక్కన చిన్న అక్షరాల్లో అయినా వేయచ్చు కదా.

(ల్యాప్‌టాప్‌లో ఆడేవాళ్ళకు మాత్రం దారుండాది, సౌండు బ్లూటూత్‌కు పెట్టి, మైక్ మాత్రం ల్యాప్‌టాప్‌దే పెట్టుకుంటే స్టీరియో పోదు. ఇంకా విండోస్‌లో సౌండ్ సెట్టింగ్స్ పాత కంట్రోల్ ప్యానెల్‌లో కమ్యూనికేషన్స్ అని ఒక ట్యాబ్ ఉంటాది, ఎవరో మాట్లాడతాండారనుకుంటే మిగతా సౌండ్లన్నీ 80 శాతం తగ్గించేలా పెట్టి ఉంటాది, దాన్ని "డూ నథింగ్" చేసుకోండి. ఇది చదివే ఎవరికన్నా పనికొస్తాది, మైక్ బొమ్మ గారికి ఎట్లాగూ పట్టదు.)

వైరుదే మేలని పాత ఇయర్‌ఫోన్లు తీస్తే కొత్త ఫోన్‌కు ఆ బొక్కే లేదు. టైప్ సీ కనెక్టర్ కొంటే అందులోనూ రెండు రకాలంట, లోపల చిప్పు ఉండేది ఒకటి, ఉత్త వైరు ఇంకోటి, చూసేదానికి రెండూ ఒకటే. "అన్నిటికీ పనిచేస్తాదన్నా" అని ఇచ్చింది నా ఫోన్‌కు తప్ప అన్నిటికీ పనిచేసింది.

సరే, ఇవన్నీ ఒక ఎత్తు. మీరు పనిచేసినప్పుడు ఏం పనిచేసినారో కూడా చెప్పుకోవాల కదా. మాటను 20 మిల్లీసెకన్ల ముక్కలుగా కోసి పంపుతారంట, దారిలో ఏ ముక్కన్నా పడిపోతే మళ్ళ పంపరు, మళ్ళ పంపేలోపల ఆలస్యమైపోతాది కాబట్టి పోయింది పోయిందే. గేమ్‌లో మేడ మీద అవతలి టీమోళ్ళు ముగ్గురుండారు, నేను కింద నుంచి "రావద్దు" అని అరిస్తే బెంగళూరోడికి "రా" ఒకటే అందింది. వచ్చినాడు. సచ్చినాడు. "నువ్వే కదరా రమ్మనింది" అని ఇప్పటికీ అంటాండాడు. నాయిస్ సప్రెషన్ ఆన్ చేస్తే ఫ్యాన్ చప్పుడు పోయింది, మేలు చేసినారు, మే నెలలో కడపలో ఫ్యాన్ ఆపి గేమ్ ఆడే ధైర్యం ఎవడికీ లేదు. కానీ అది మనిషి గొంతు ఏదైనా వదిలేస్తాది కాబట్టి మా అమ్మ వంటింట్లో నుంచి "ఆ ఫోను ఎత్తి అవతల పారేస్తా చూడు" అనింది ముగ్గురికీ స్టూడియోలో రికార్డు చేసిన క్వాలిటీలో అందింది. కువైటోడు "నమస్తే పెద్దమ్మా" అన్నాడు కూడా.

ఇంక అసలు సంగతికి వస్తా. దీనికే రాస్తాండా ఇదంతా.

ఆఖరి మ్యాచ్‌లో ఎట్నో కుదిరింది, నలుగురం ఒకరికొకరం వినపడతాండాం. ఒక ఇంట్లో సామాన్లు ఏరుకుంటాండాం. నాకొక లోన్ కాల్ వచ్చింది. ఎత్తలేదు, కట్ చేసినా. కట్ చేసినా కూడా ఫోన్ ఆ కాల్ కోసం మైక్‌ను గుంజుకుంది, గుంజుకుని గేమ్‌కు తిరిగి ఇయ్యలేదు. ఇది నాకు తెలీదు, ఎందుకంటే మీరు పచ్చగానే ఉండారు. వాళ్ళ మాటలు నాకు వినపడతానే ఉండాయి. అప్పుడు కువైటోడు, హెల్మెట్ ఒకటి తీసి ఇంకోటి పెట్టుకుంటా, ఊరికే అన్నట్టు అన్నాడు: "రేయ్, నాకు అకామా ఈ నెలతో అయిపోతాది. కంపెనీవాళ్ళు రెన్యూ చేయరంట." అకామా అంటే ఆ దేశంలో ఉండేదానికి ఇచ్చే పర్మిట్ సార్.

నేను అరిచినా సార్. "ఎప్పుడు చెప్పినార్రా, మళ్ళ ఏం చేస్తావు, ఇంటికి చెప్పినావా" అని. మీరు పచ్చగా వెలిగినారు. బెంగళూరోడు మీటింగులో ఎవరో పేరు పిలిస్తే ల్యాప్‌టాప్ పక్కకు తిరిగినాడు, ప్రొద్దుటూరోడి అంగట్లోకి బేరం వచ్చి ఇయర్‌ఫోన్ తీసి పెట్టినాడు. కువైటోడు కొంచెంసేపు ఆగినాడు. నాకు వాడి గదిలో ఏసీ చప్పుడు వినపడతానే ఉండాది. "ఉండారా ఎవరన్నా?" అన్నాడు. ఉన్నా అని మళ్ళ అరిచినా. మళ్ళ వెలిగినారు.

మిమ్మల్ని ఆఫ్ చేసి ఆన్ చేద్దామని నొక్కితే, మీ పక్కన్నే ఆనుకుని ఉంటాది కదా రెడీమేడ్ మాటల బటన్, వేలు దానికి తగిలింది. "బుల్లెట్లు కావాలి!" అని గేమ్ ఆడమనిషి గొంతు హుషారుగా అరిచింది. అది పోయింది సార్. ఒక్క ముక్క పడిపోకుండా, నలుగురికీ, స్పష్టంగా పోయింది. మాటలు పోయే సర్వర్ వేరంట, గేమ్ సర్వర్ వేరంట, అది గేమ్ సర్వర్‌లో పోయింది కాబట్టి భేషుగ్గా పోయింది.

వాడు మెట్లు దిగొచ్చి నా ముందర అరవై బుల్లెట్లు పడేసి పోయినాడు. ఏం మాట్లాడలేదు.

మ్యాచ్ అయినాక వాట్సాప్‌లో ఫోన్ చేస్తే "ఏం లేదులేరా, చూస్తాండాం, ఇంకో కంపెనీలో అడుగుతాండా" అన్నాడు, రెండు నిమిషాల్లో "సరే, పడుకుంటా" అని పెట్టేసినాడు. వాడు ఫోన్లో ఎప్పుడూ అంతే, బాగుండావా అంటే బాగుండా, తిన్నావా అంటే తిన్నా. గేమ్‌లోనే మాట్లాడతాడు. గోడ చాటున బ్యాండేజీ కట్టుకుంటా పెండ్లి సంబంధం చెడిపోయిన సంగతి చెప్పినాడు ఒకసారి, ఇంకోసారి బండి తోలుతా వాళ్ళ నాయన మోకాలి ఆపరేషన్ సంగతి. అప్పుడు నువ్వు సరిగ్గానే ఉన్నావు, అబద్ధం చెప్పకూడదు. ప్రతి మాటా అందించినావు. కరెంటు పోయి వైఫై నుంచి డేటాకు మారినా రెండు నిమిషాల్లో తట్టుకుని లేచినావు, వానలో సిగ్నల్ ఒక గీత ఉన్నా వాడి గొంతు తెచ్చినావు. 2020 సెప్టెంబరులో ప్రభుత్వం ఎత్తేసిన 118 యాప్‌లలో పబ్జీ కూడా పోయినప్పుడు నలుగురం గేమ్ పోయిందని కాదు, నువ్వు పోయినావని ఏడ్చినాం, ఇంకో గేమ్ యాడ దొరుకుతాదా అని ఎగబడింది కూడా నీకోసమే.

అందుకే అడుగుతాండా. నువ్వు పచ్చగా వెలిగేది దేనికి? నేను మైక్ ఆన్ చేసినానని, అంతే కదా? అది గొంతు ఫోన్లో దూరిందా, సర్వర్ దాకా పోయిందా, ఆడి నుంచి వాడి చెవిలో పడిందా, వీటిలో ఒక్కటీ నీకు తెలీదు. తెలీనప్పుడు గమ్మునుండాల. వాట్సాప్‌లో మెసేజ్ పంపితే పోయిందా, చేరిందా, చదివినాడా అని టిక్కులు మార్చి మార్చి చూపిస్తాది, ఒక రూపాయి ఫోన్‌పే చేస్తే అవతలోడి అంగట్లో పెట్టె అరిచి చెప్తాది. నీకు మాత్రం ఒకటే రంగు. నెలకొక అప్‌డేట్ వస్తాది, నెమలి పింఛం తగిలించిన తుపాకీ వస్తాది, కారుకు రెక్కలొస్తాయి, హెల్మెట్‌కు కొమ్ములొస్తాయి. "మీ మాట ఎవరికీ వినపడటం లేదు" అని ఒక ఎర్ర చుక్క పెట్టేదానికి ఎంత ఖర్చవుతాదిరా మీకు?

వచ్చే శుక్రవారం మళ్ళ వస్తాం, నీకు వేరే గతి లేదని కాదు, మాకే లేదు. ఆ లోపల నువ్వు బాగుపడతావని ఆశ కూడా లేదు. పనిచేయకపోతే ఆరిపో, అంత చాలు. ఆ రోజు నువ్వు ఆరిపోయి ఉంటే, వాడు హెల్మెట్ పెట్టుకునేలోపలే నేను గేమ్ వదిలేసి వాడికి ఫోన్ చేసుంటి.

ఇట్లు,
బుల్లెట్లు అక్కర్లేకుండా అరవై తీసుకున్న కడపోడు