ఆ సంగీతం ఆపండి

వస్తువులు సేకరించేవాళ్ల మీద డాక్యుమెంటరీ మొదలైన రెండు నిమిషాలకే తెలిసిపోతుంది, తీసినవాళ్లకి వాళ్లంటే గౌరవం ఉందో లేదో. టింగు టింగుమని ఓ సంగీతం వస్తుంది. మనిషి చెప్పడం అయిపోయినా కెమెరా ఆగదు. ఆయన ఇబ్బందిగా అటూ ఇటూ చూస్తాడు. ఆ మూడు సెకన్లు ఎడిటింగులో కావాలనే ఉంచుతారు, హాల్లో నవ్వులు. అలా పట్టి చూపిస్తే ఎవరైనా పిచ్చివాళ్లలాగే కనిపిస్తారు. నమ్మి ఇంట్లోకి రానిచ్చి, అల్మారాలన్నీ తెరిచి చూపించిన మనిషికి చేయాల్సిన పనేనా ఇది?

ఇంత కోపం ఎందుకంటే, ఇలాంటివాళ్ల గురించి ఎంత బాగా తీయొచ్చో చూశాను కాబట్టి. మ్యాట్ వుల్ఫ్ 2019లో తీసిన ‘రికార్డర్’ చూడండి. ఫిలడెల్ఫియాలో మేరియన్ స్టోక్స్ అనే ఆవిడ 1979 నుంచి 2012లో చనిపోయేదాకా టీవీ వార్తలు రాత్రీపగలూ రికార్డు చేసింది. దాదాపు 70,000 క్యాసెట్లు! టేపు మార్చే వేళయిందంటే ఇంట్లోవాళ్లు ఎక్కడున్నా లేచి రావాల్సిందే. ఆ బాధని సినిమా దాచలేదు. అలాగని ఆవిడని వింతగానూ చూపించలేదు. వార్తని ఎవరు ఎలా మలుస్తున్నారో రేపటివాళ్లు సరిచూసుకోవాలన్నది ఆవిడ పట్టుదల. టీవీ స్టేషన్లే పాత టేపులు చెరిపేసి మళ్లీ వాడుకున్న రోజులున్నాయి మరి. ఇప్పుడా క్యాసెట్లు ఇంటర్నెట్ ఆర్కైవ్ అనే డిజిటల్ గ్రంథాలయానికి చేరాయి.

మెగుమి ససాకి 2008లో తీసిన ‘హెర్బ్ అండ్ డొరొతీ’ కూడా అంతే. హెర్బ్ న్యూయార్క్‌లో పోస్టల్ ఉద్యోగి, ఆయన భార్య డొరొతీ లైబ్రేరియన్. ఆవిడ జీతంతో ఇల్లు గడుపుకుని, ఆయన జీతంతో చిత్రాలూ శిల్పాలూ కొన్నారు. ఒక్క పడకగది అపార్ట్‌మెంటులో పట్టేవే కొనేవారు. అమ్ముకుంటే ఎంత వచ్చేదో! 1992లో ఆ సేకరణని వాషింగ్టన్‌లోని నేషనల్ గ్యాలరీకి అప్పగించారు.

అలన్ జ్వైగ్ అయితే 2000లో ‘వినైల్’ తీస్తూ, గ్రామఫోన్ రికార్డులు పోగేసేవాళ్లతో పాటు కెమెరాని అద్దంలో తనవైపే తిప్పుకున్నాడు. తనూ ఆ జబ్బు ఉన్నవాడే. నాకు ఆ నిజాయితీ చాలా నచ్చింది.

తీసేవాళ్లకి నాదొక విన్నపం. వెళ్లగానే ‘ఇన్నెందుకండీ?’ అని అడగొద్దు. ఆ ప్రశ్న వాళ్లు బంధువుల దగ్గర విని విని విసిగిపోయి ఉంటారు. మొదట దొరికింది ఏదో అడగండి. చేతికొచ్చినట్టే వచ్చి పోయింది ఏదో అడగండి. ఒక పూటంతా పక్కన కూర్చుని, వాళ్లు దుమ్ము తుడుస్తుంటే చూడండి. చివర్లో, ‘మీ తర్వాత ఇవన్నీ ఎవరు చూసుకుంటారు?’ అని అడగండి. చాలామంది వెంటనే జవాబు చెప్పలేరు. అక్కడ మాత్రం కెమెరా ఆపకండి. సంగీతం వేయకండి.