ముఖం ఒకరిది, చేతులు ఇంకొకరివి

ఇజెట్టా జ్యూయెల్ ఎవరో మా ఇంట్లో ఎవరికీ తెలియదు. అయినా మొన్న చెల్లి పెళ్లిచూపుల్లో అందరూ కలిసి ఆవిడ నాటకాన్నే ఆడారు.

1928 సెప్టెంబర్ 11న అమెరికాలో, న్యూయార్క్ రాష్ట్రంలోని షెనెక్టడీ నుంచి డబ్ల్యూజీవై స్టేషన్ ‘ది క్వీన్స్ మెసెంజర్’ అనే నాటకాన్ని ప్రసారం చేసింది. టీవీ నాటకాల చరిత్ర మొదలయ్యేది దానితోనే. ఉన్నవి రెండే పాత్రలు. నాయిక మన జ్యూయెల్. తెర వెడల్పు మూడు అంగుళాలు. అందులో మనిషి మొత్తం ఎక్కడ పడతాడు? ముఖం పడితే చేతులు పట్టవు, చేతులు పడితే ముఖం పట్టదు. అందుకని ఒక్కో ముఖానికి ఒక్కో కెమెరా, చేతులకు, వస్తువులకు మూడోది పెట్టారు. ముఖాలు నటులవి, చేతులు మాత్రం వేరే ఇద్దరివి. డైరెక్టరు మార్టిమర్ స్టూవర్ట్ ఒక పెట్టె ముందు నిలబడి, ఎప్పుడు ముఖం కనిపించాలో, ఎప్పుడు చేయి కనిపించాలో మీటలు తిప్పి తేల్చేవాడు.

జ్యూయెల్ సామాన్యురాలు కాదు. రంగస్థలం మీద పేరు తెచ్చుకుంది, తరువాత రాజకీయాల్లోకి దిగింది, 1922లో వెస్ట్ వర్జీనియా నుంచి సెనేట్ సీటుకు పోటీపడింది. సభల్లో తన చేతులు తానే ఊపుకున్న మనిషి టీవీ దగ్గరికి వచ్చేసరికి వాటిని పరాయివాళ్లకు అప్పగించవలసి వచ్చింది. నాకైతే ఇది ఎన్నికల్లో ఓడిపోవడం కంటే పెద్ద కష్టంగా తోస్తుంది.

ఇక మా పిన్ని సంగతి. పెళ్లికొడుకు వాళ్లు డాలస్‌లో, మేము విజయవాడలో. వీడియో కాల్. “కాఫీ తాగేవాళ్లు అక్కడుంటే ఇక్కడ ట్రే ఎందుకమ్మా?” అని చెల్లి అడిగింది. ఆచారం ఆచారమే అంది పిన్ని. తీరా చూస్తే, పుస్తకాల దొంతర మీద నిలబెట్టిన ఫోనులో చెల్లి ముఖమే పడుతోంది, ట్రే పడటం లేదు. కదిలితే వెలుతురు పోతుందని చెల్లిని కదలనివ్వలేదు. బాబాయి రెండో ఫోనుతో కాల్‌లో చేరి, వదిన చేత ట్రే పట్టించి, మెడ కింది నుంచి చూపించడం మొదలుపెట్టాడు. స్టూవర్ట్‌కు రిహార్సల్స్ ఉన్నాయి. బాబాయికి ధైర్యం ఒక్కటే ఉంది.

కాసేపు బాగానే నడిచింది. “చేతులు ఎంత పొందికగా ఉన్నాయో!” అని అబ్బాయి తల్లి మురిసిపోయింది కూడా. అంతలో చెల్లి ముఖం మీద ఈగ వాలింది. చెల్లి రెండు చేతులూ ఎత్తి తోలుకుంది. పక్క గడిలో ట్రే మాత్రం చెక్కుచెదరకుండా అలాగే ఉంది.

డాలస్‌లో నిశ్శబ్దం.

“అమ్మాయికి నాలుగు చేతులా అండీ?” అని అబ్బాయి తండ్రి అడిగాడు.

“సాక్షాత్తూ మహాలక్ష్మి బాబూ మా పిల్ల!” అంది నానమ్మ, తడుముకోకుండా.

అంతవరకూ నోరు విప్పని అబ్బాయి అప్పుడు పకపకా నవ్వాడు. “ఆ మిగతా రెండు చేతులూ వస్తానంటే నాకు అభ్యంతరం లేదండీ, ఇక్కడ గిన్నెలన్నీ నేనే తోముకుంటున్నాను” అన్నాడు.

“ఈ చేతులకు ఇక్కడ చాలినన్ని గిన్నెలున్నాయి నాయనా” అని ట్రే వెనక నుంచి జవాబు వెళ్లింది.