ఆ పెద్దాయన మీద నాకు జాలి లేదు

హాస్యజంట స్టాన్ లారెల్, ఒల్లీ (ఆలివర్) హార్డీల సినిమా ‘దట్స్ మై వైఫ్’ (1929) ప్రస్తావన రాగానే "పాపం, ఆ పెద్దాయనను ఎంత మోసం చేశారో" అని నిట్టూర్చేవారు ఒకరైనా తగులుతారు. నాకు ఒళ్లు మండిపోతుంది. ఎవరండీ పాపం?

రెండు రీళ్ల మూకీ అది. ఆ పెద్దాయన, అంటే అంకుల్ బెర్నల్, ఆస్తి ఒల్లీకి దక్కాలంటే అతని కాపురం సజావుగా ఉండాలి. ఆ షరతు పెట్టింది ఆయనే. తీరా ఆయన వచ్చే వేళకు భార్య పెట్టె సర్దుకుని వెళ్లిపోయింది. అయిదు నిమిషాలని వచ్చిన స్టాన్ రెండేళ్లయినా కదలకపోతే ఏ ఇల్లాలు ఓర్చుకుంటుంది? ఆమెను వెళ్లగొట్టినవాడే ఇప్పుడు ఆమె వేషం కట్టాలి. గౌను, విగ్గు, ఎదకు బదులుగా వ్యాయామం చేసే డంబెల్!

ఇంత నాసిరకం వేషాన్ని ఆయన నమ్మాడంటే, ఆయనకు కావలసింది మనుషులు కాదు, భార్యాభర్తలనే బొమ్మ. తమ్ముడి కొడుకో అక్క కొడుకో సుఖంగా ఉన్నాడా అని అడగడానికి వచ్చినవాడు కాదు, తనిఖీకి వచ్చినవాడు. కాపురానికి వెల కట్టినవారికి నకిలీ కాపురమే దొరుకుతుంది.

ఒల్లీని వెనకేసుకు రావడం లేదు. అతని పేరాశకు నైట్‌క్లబ్బులో పడే శిక్ష చూడండి. దొంగిలించిన నెక్లెసును ఒక వెయిటరు స్టాన్ వీపు మీదుగా గౌనులోకి జారవిడుస్తాడు. దాన్ని పైకి తీయాలని ఒల్లీ నానా తంటాలు పడతాడు. డాన్సు చేస్తూ చెయ్యి పెడతాడు, చాటుకు లాక్కెళ్తాడు. ఎక్కడికి వెళ్లినా ఎవరో ఒకరు తలుపు తీస్తారు, వారి కంటికి కనిపించేది ఇంకేదో. పరువు కోసం కట్టిన వేషమే పరువు తీస్తుంది. ఇంత చక్కటి అల్లిక ఈనాటి రెండున్నర గంటల హాస్యచిత్రాల్లో ఎన్నింటికి ఉంది?

మాటలు లేకపోవడం కూడా దీనికి కలిసొచ్చింది. స్టాన్ గొంతు వినిపించదు కనుకే ఆ వేషం అంతసేపు నిలిచింది. నోరు విప్పి ఉంటే రెండో నిమిషంలోనే కథ కంచికి!

చివరికి గుట్టు రట్టవుతుంది, ఆస్తి కుక్కలు, పిల్లుల ఆసుపత్రికి రాసేస్తానని ఆయన చిందులు తొక్కుతాడు. సంతోషం, వాటినైనా పెళ్లయిందా అని అడగడు. నాకున్న అసలు ఫిర్యాదు వేరే. వెళ్లిపోయిన ఆవిడను కథ పూర్తిగా మరిచిపోయింది. ఆ ఇంట్లో ఒక్క అబద్ధమూ ఆడకుండా బయటపడింది ఆమె ఒక్కతే, ఆమె గురించి మాత్రం ఎవరూ నిట్టూర్చరు.