తిథి చూసి పిలిచిన అతిథులు

తిథి చూసుకోకుండా వచ్చేవాడు కనుక అతిథి అన్నారు మన పెద్దలు. టర్కీ నుంచి రప్పించుకున్న కార్మికులకు జర్మనీ ‘గాస్ట్ ఆర్బైటర్’, అంటే అతిథి కార్మికుడు, అని పేరు పెట్టింది గానీ వారు ఎప్పుడు వెళ్లిపోవాలో ముందే తిథి రాసి పెట్టింది. 1961 ఆగస్టులో బెర్లిన్ గోడ లేచి తూర్పు నుంచి వచ్చే శ్రామికులకు దారి మూసుకుపోగా, అదే ఏడాది అక్టోబరు 30న పశ్చిమ జర్మనీ టర్కీతో ఒప్పందం కుదుర్చుకుంది. రెండేళ్లు పనిచేసి వెళ్లాలి, వారి చోటికి కొత్తవారు రావాలి అన్నది అందులోని లెక్క. ఇస్తాంబుల్‌లోని జర్మన్ కార్యాలయంలో గుంపులుగా బట్టలు విప్పించి, సంతలో ఎడ్లను ఎంచినట్టు పళ్లు చూసి, చేతులు చూసి ఎంపిక చేసేవారు. నెగ్గినవారు రోజుల తరబడి రైలులో ప్రయాణించి మ్యూనిక్ స్టేషన్ 11వ ప్లాట్‌ఫారం మీద దిగితే, దాని కిందనున్న యుద్ధకాలపు బంకరులో కూర్చోబెట్టి, తిండి పెట్టి, ఎవరిది ఏ ఊరి ఫ్యాక్టరీయో చెప్పి పంపేవారు.

ఆ రెండేళ్ల గడువును 1964లో తీయించింది కార్మికులు కాదు, యజమానులు. పని వచ్చినవాణ్ని పంపేసి కొత్తవాడికి మళ్లీ మొదటి నుంచి నేర్పడం దండగని వారే మొరపెట్టుకున్నారు. 1973లో ప్రభుత్వం కొత్త నియామకాలు ఆపేయడంతో, ఒకసారి వెళితే మళ్లీ రానివ్వరన్న భయంతో చాలామంది అక్కడే ఉండిపోయి భార్యాబిడ్డలను రప్పించుకున్నారు. తలుపు మూస్తే జనం తగ్గుతారనుకున్నారు, లోపలివాళ్లు కాపురాలు పెట్టుకున్నారు. పది సంవత్సరాలకు, 1983లో, సొంత దేశానికి తిరిగి వెళ్లే నిరుద్యోగులకు 10,500 మార్కులు ఇస్తామని చట్టం చేశారు. ఏరు దాటేదాకా ఓడ మల్లయ్య, దాటాక బోడి మల్లయ్య.

టర్కీ వాళ్లు జర్మన్ సమాజంలో కలవలేదన్న ఫిర్యాదును ఈ చరిత్రతో కలిపి చూడాలి. వెళ్లిపోయేవాడికి భాష ఎందుకని దశాబ్దాలపాటు ఊరుకున్న ప్రభుత్వం, వలసదారులకు జర్మన్ తరగతులను చట్టబద్ధం చేసింది 2005లో. అక్కడి బడుల్లో చాలాచోట్ల నాలుగో తరగతి ముగియగానే పిల్లలను వేర్వేరు స్థాయుల పాఠశాలలకు విడదీస్తారు. ఇంట్లో మరో భాష మాట్లాడే పదేళ్ల బిడ్డ ఎటు పడతాడో ఊహించడం కష్టం కాదు. కోవిడ్ టీకా తయారుచేసిన బయాన్‌టెక్ స్థాపకుల్లో ఒకరైన ఉగుర్ షాహిన్ కొలోన్‌లోని ఫోర్డ్ కార్మికుడి కొడుకు. ఆయననూ కింది స్థాయి బడికే పంపమని ఉపాధ్యాయుడు సిఫారసు చేస్తే, పొరుగింటి జర్మన్ ఒకాయన అడ్డుపడ్డాడు. అలాంటి పొరుగు దొరకని పిల్లల లెక్క ఎవరూ రాయలేదు.

1993లో జోలింగెన్‌లో ఒక టర్కీ కుటుంబం ఇంటికి నిప్పు పెట్టి అయిదుగురు ఆడవాళ్లను, ఆడపిల్లలను పొట్టన పెట్టుకున్నారు. 2000 నుంచి నయా నాజీ ముఠా ఒకటి ఎనిమిది మంది టర్కీ మూలాలవారిని కాల్చి చంపితే, 2011లో ఆ ముఠా బయటపడేదాకా దర్యాప్తు అనుమానం చాలావరకు హతుల కుటుంబాల చుట్టూనే తిరిగింది. పత్రికలు ఆ హత్యలకు ‘డోనర్ హత్యలు’ అని టర్కీ కబాబ్ పేరు తగిలించాయి. మా వృత్తిలోనివారు చేసిన ఈ పనికి సాటి పత్రికగా మేమూ తల దించుకోవలసిందే.

టర్కీ రాజధాని అంకారా తప్పు లేదని కాదు. అక్కడి ప్రభుత్వం పంపిన ఇమాములే ఏళ్ల తరబడి జర్మనీ మసీదుల్లో ప్రసంగించారు. 2008లో కొలోన్ సభలో అప్పటి టర్కీ ప్రధాని ఎర్డొగాన్, కలిసిపోయి సొంత ఉనికిని పోగొట్టుకోమనడం మానవత్వంపై నేరమన్నారు. 2023 టర్కీ అధ్యక్ష ఎన్నిక మలివిడతలో జర్మనీలో ఓటేసిన టర్కీ పౌరుల్లో దాదాపు మూడింట రెండొంతులు ఆయనకే వేశారు. దాన్ని చూపి విధేయత లేదని నిందించేవారు ఒకటి మరచిపోతున్నారు. కొలోన్‌లో యాభై ఏళ్లుగా పన్ను కడుతున్న టర్కీ పౌరుడికి ఆ ఊరి కౌన్సిల్ ఎన్నికలో ఓటు లేదు, నెలల కిందట వచ్చిన గ్రీకు పౌరుడికి, అతని దేశం ఐరోపా సమాఖ్యలో ఉంది కనుక, ఉంది. ఓటు ఎక్కడుంటే మనసూ అటే లాగుతుంది.

2024 జూన్‌లో అమల్లోకి వచ్చిన చట్టం టర్కీ పౌరసత్వం వదులుకోకుండానే జర్మన్ పౌరసత్వానికి వీలు కల్పించింది. తొలితరం కార్మికులకు రాత పరీక్షలు తీసేసి మాట్లాడగలిగితే చాలంది. మంచి పనే, కానీ 1961లో ఇరవయ్యేళ్లున్నవారికి అప్పటికే ఎనభై దాటింది. వారిలో ఎందరో తాము పోయాక శవపేటికను టర్కీకి చేర్చే సహాయ నిధికి ఏటా చందా కడుతూ వచ్చినవారు. 2025 అక్టోబరులో కొత్త ప్రభుత్వం మూడేళ్లకే పౌరసత్వమిచ్చే వెసులుబాటును రద్దు చేసింది, జంట పౌరసత్వాన్ని మాత్రం ముట్టుకోలేదు. ఆ నిబంధన అలాగే ఉండాలి, ఏళ్లుగా స్థిరపడ్డవారికి స్థానిక ఓటూ రావాలి. 1990లో రాజ్యాంగ న్యాయస్థానం కాదన్నందున అందుకు రాజ్యాంగ సవరణే చేయాలి.

ఇప్పుడు జర్మనీ మళ్లీ మనుషుల కోసం వెతుకుతోంది. నైపుణ్యమున్న భారతీయులకు ఏటా 20,000గా ఉన్న వీసాలను 90,000కు పెంచుతామని 2024లో ప్రకటించింది. తెలంగాణ ప్రభుత్వ సంస్థ కూడా నర్సులకు జర్మన్ నేర్పి అక్కడికి పంపుతోంది. భాష ముందే నేర్పడం ఇస్తాంబుల్ రైలెక్కినవారికి దక్కని మేలు. ఒప్పందం మీద సంతకం చేసేముందు జీతంతోపాటు కుటుంబాన్ని ఎప్పుడు రానిస్తారో, మన నర్సింగ్ పట్టాను గుర్తించడానికి ఎన్ని నెలలు పడుతుందో, ఆలోగా ఏ హోదాలో పనిచేయిస్తారో కూడా రాతపూర్వకంగా అడగాలి.